పైన తెల్ల గీత, కింద నల్ల గీత

నాకు బూడిద రంగంటే ఇష్టమని చెబితే మా ఇంట్లో నవ్వుతారు. చీరల కొట్లో ఆ రంగు జోలికి పోను, ఇంటి గోడలకు వేయనివ్వను. నేను చెప్పేది పాత కంప్యూటర్ తెర మీది బూడిద రంగు. ఆ కంప్యూటర్లలో ఉండే విండోస్‌ని తొంభై ఎనిమిది అనేవాళ్లం, పదో తరగతిలో వచ్చిన మార్కుల్లాగా. అందులో ప్రతి విండో బూడిద, ప్రతి బటనూ బూడిద. వెనకాల పరిచిన రంగు మాత్రం నీలమూ కాదు, పచ్చా కాదు. అలాంటి చీర నా దగ్గర ఒకటుండేది, దాని రంగుకు మా అమ్మ కూడా పేరు చెప్పలేకపోయింది.

ఇప్పటి ఫోన్లు చూస్తే ఒళ్లు మండుతుంది. ఏది బటనో, ఏది ఉత్త రాతో తెలిసి చావదు. అన్నీ చపాతీల్లా చదును. వేలు పెట్టి పొడిచి చూడాలి, ఏది పలికితే అది బటన్. ఆ రోజుల్లో బటన్ అంటే బటనే. ఉబ్బెత్తుగా ఉండేది, నొక్కితే లోపలికి పోయేది, వదిలితే పైకి లేచేది. ఉత్త గాజు మీద అలా ఎలా కనిపించేదంటే, దానికో కిటుకు ఉంది. బటన్‌కి పైన, ఎడమ పక్కన సన్నటి తెల్ల గీత ఉంటుంది. కింద, కుడి పక్కన నల్ల గీత ఉంటుంది. గదిలో ఎడమ చేతి వైపు పైన ఎక్కడో దీపం వెలుగుతున్నట్టు అనిపిస్తుంది మన కంటికి. నొక్కగానే గీతలు రెండూ తారుమారవుతాయి. అంతే, ఇంకేం లేదు. ఇంత చిన్న పనితో అంత నమ్మకం కలిగించిన మనిషి ఎవరో గానీ ఆ చేతులకు దండం పెట్టాలి.

ఈ సంగతి నాకెలా తెలుసంటే, నేను దాన్ని పాఠంగా చెప్పాను. రెండువేల మొదటి ఏళ్లలో నాచారంలో ఒక టైపు ఇన్‌స్టిట్యూట్ ఉండేది. పెళ్లయ్యాక గుంటూరు నుంచి వచ్చి, మా వారి ఫ్యాక్టరీకి దగ్గరని నాచారంలోనే అద్దెకు దిగాం. పగలంతా ఊరికే కూర్చోలేక ఆ ఇన్‌స్టిట్యూట్‌లో కంప్యూటర్ నేర్పడానికి చేరాను. ముందు గదిలో టైపు మిషన్లు, వెనక గదిలో మూడు కంప్యూటర్లు. దాన్ని నడిపే పెద్దాయన్ని అందరం మాస్టారు అనేవాళ్లం. ఆయనకు టైపు తప్ప మరో లోకం లేదు. కంప్యూటర్ గదిలోకి వస్తే చెప్పులు విడిచి వచ్చేవారు, యంత్రాన్ని మాత్రం ముట్టుకునేవారు కాదు. ఆ గదికి నేనే రాణిని.

మూడు కంప్యూటర్లకు పన్నెండు మంది. పైగా ఎండాకాలం వస్తే సరిగ్గా మా మధ్యాహ్నం బ్యాచీ వేళకి కరెంటు కోత. ఊరికే విసనకర్రలు విసురుకుంటూ కూర్చోవడం నాకు నచ్చదు. అందుకని అందరి చేతా రికార్డు పుస్తకాలు కొనిపించాను. సైన్సు ల్యాబులో వాడతారే, ఎడమ పేజీ తెల్లగా, కుడి పేజీ గీతలతో, అవి. కుడివైపు పాఠం రాయాలి, ఎడమవైపు తెర బొమ్మ గీయాలి. ఇంటర్‌లో కప్ప గుండె గీసి బాణాలు పెట్టి పేర్లు రాయలేదూ, అలాగే డెస్క్‌టాప్ గీసి బాణాలు పెట్టి పేర్లు రాయాలి. ఇది స్టార్ట్, ఇది గడియారం, ఇది చెత్తబుట్ట. తెల్ల గీత ఎక్కడ, నల్ల గీత ఎక్కడ, ఒక్కటి పక్కకు పోయినా పేజీ చింపించి మళ్లీ గీయించేదాన్ని.

"కంప్యూటర్ నేర్సుకుందామని వస్తె డ్రాయింగ్ మేడం దొరికింది" అని డిగ్రీ కుర్రాళ్లు వెనక గొణుక్కునేవాళ్లు. వినపడినా విననట్టు ఉండే మంచితనం నాకు లేదు. "గీత గీయడం రానివాడు మౌస్ ఏం తిప్పుతావు నాయనా" అనేదాన్ని. నా చేతిలో ఎప్పుడూ ఒక స్కేలు. ఎవర్నీ కొట్టలేదు గానీ బల్ల మీద టపటపలాడించేదాన్ని. ఊరంతా కరెంటు పోతుంది గానీ నీ నోటికి మాత్రం కోత లేదని మా వారు అనేవారు.

ఆ బ్యాచీలోకే వచ్చింది ఆయమ్మ. ఉప్పల్ దాటాక రామంతాపూర్ వైపు వెళ్లే దారిలో ఒక ప్రైవేటు దవాఖానాలో ఆయాగా పని చేసేది. అక్కడ అందరూ ఆయమ్మ అంటారని ఆమే చెప్పింది, మేమూ అలాగే పిలిచాం. నలభై దాటిన మనిషి. జనగామ పక్క ఊరు, పదో తరగతి పాసైంది, ఆదివారం చర్చి తప్పదు. మిగిలిన ఆరు రోజులూ పొద్దుటి డ్యూటీ దిగి, షేర్ ఆటో ఎక్కి మూడింటికల్లా మా మెట్ల కింద నిలబడేది. కాసేపు నిలబడి ఒక్కో మెట్టూ ఎక్కేది.

"మోకాళ్లు పోయినయి మేడం" అంది మొదటి రోజు. "కూసుంటె లేవరాదు, లేస్తె కూసోరాదు. నేల తుడుసుడు ఇంగ నాతోని గాదు. మా కాడ పేషంట్ల చిట్టీలు రాసే కౌంటర్ల ఒక కుర్సీ ఖాళీ అయితాంది. కంప్యూటర్ వస్తె నీకే ఇస్తనన్నడు మేనేజర్ సారు. కూసోని జేసే పని దొర్కితే పిల్ల సదువు అయిందాంక ఎల్లదీస్త."

"ఎప్పటిలోగా రావాలి?"

"ఎండలు పోయేటాల్లకు."

అంటే రెండు నెలలు. మనసులో ఇది అయ్యే పని కాదనుకున్నాను. మౌస్‌ని తేలుని పట్టుకున్నట్టు పట్టుకునేది. బాణం తెర అంచుకు పోతే భయపడి చెయ్యి తీసేసేది. కానీ పుస్తకం ముందు కూర్చుంటే వేరే మనిషి. కరెంటు పోయిన ఆ రెండు గంటలూ తల ఎత్తేది కాదు. పెన్సిల్‌తో బూడిద రంగు ఎంత సమంగా రుద్దేదంటే, ఎక్కడా మరక ఉండేది కాదు. అందరూ బటన్ మీద తెల్ల గీత ఎలా గీయాలా అని తెల్ల పెన్సిళ్లు వెతుక్కుంటుంటే ఆమె మెల్లగా అంది, "తెల్లది గీసుడెందుకు మేడం, ఇడిస్తె సాలు గద." రంగు రుద్దేటప్పుడే ఆ అంచున వెంట్రుక వాసి కాగితం వదిలేసింది. అది తెల్ల గీత అయి కూర్చుంది. నాకు తట్టలేదు సుమా ఆ సంగతి.

ఆ పుస్తకాన్ని దవాఖానాకు తీసుకెళ్లేది. టీ వేళ మెట్ల మీద కూర్చుని, బొమ్మ మీద వేలు పెట్టి నడిపించేదట. ఎడమ కింద మూల స్టార్ట్, దాని మీద ప్రోగ్రామ్స్, పక్కకు జరిగితే ఆ జాబితా, అందులో మూడోది. ఒక పేజీ నుంచి ఇంకో పేజీకి తిప్పుకుంటూ, కాగితం మీదే కంప్యూటర్ నడిపేది. ఇసుక గడియారం బొమ్మ వచ్చిన చోట నిజంగానే ఆగేదాన్నని నాతో చెప్పింది. "గది తిర్గుతున్నంత సేపు ముట్టద్దన్నరు గద మీరు." నేను నవ్వాను. లోపల మాత్రం గర్వంగా ఉంది. నా పద్ధతి ఇంత బాగా పట్టిన మనిషి ఆ బ్యాచీలో మరొకరు లేరు.

సరిగ్గా ఆ రోజుల్లోనే మాస్టారు కొత్త కంప్యూటర్ కొన్నారు. అందులో కొత్తగా వచ్చిన విండోస్ ఎక్స్‌పీ వేసి ఉంది. పెట్టెలోంచి తీసి పెట్టి స్విచ్ వేశాం. తెర నిండా పచ్చటి గుట్ట, దాని మీద నీలాకాశం, మేఘాలు. కింద నీలం పట్టీ, దాని మూలన ఆకుపచ్చ స్టార్ట్, మూలలన్నీ గుండ్రంగా. విండో మూయడానికి ఎర్రటి గుండీ. మాస్టారు చంటిపిల్లాణ్ణి చూసినట్టు చూశారు. నాకు మాత్రం పుట్టినరోజు కేకు చూసినట్టు అనిపించింది. పని చేసే చోట ఇన్ని రంగులెందుకు? కళ్లు ఎక్కడ ఆనాలి?

అందరూ వెళ్లాక ఆ సాయంత్రమే దాన్ని మార్చేశాను. తెర మీద కుడి బటన్ నొక్కి, ప్రాపర్టీస్‌లోకి వెళ్లి, థీమ్స్ తెరిస్తే పాత రూపం ఎంచుకోవచ్చు. నాలుగు క్లిక్కులు. గుట్ట పోయింది, మేఘాలు పోయాయి, నా బూడిద రంగు వచ్చి బుద్ధిగా కూర్చుంది. మర్నాడు మాస్టారు చూసి, "ఇదేంటమ్మా, కొత్తది కొంటే పాతదానిలా ఉంది?" అన్నారు.

"స్పీడ్ కోసం మాస్టారూ. ఆ రంగులు మోయలేక మిషన్ నెమ్మదిస్తుంది."

అది సగం నిజం. మిగతా సగం నా ఇష్టం. పిల్లలెవరికీ ఆ గుట్ట సంగతి చెప్పలేదు. ఆయమ్మను ఆ కొత్త కంప్యూటర్ మీదే కూర్చోబెట్టాను, మౌస్ బాగా తిరుగుతుందని. ఆమెకు నాలుగు యంత్రాలూ ఒకటే. పుస్తకంలో ఎలా ఉందో తెర మీదా అలాగే ఉంది. జూన్ వచ్చేసరికి పేషంటు పేరు, వయసు, ఊరు కొట్టి కాగితం తీయడం నిమిషంలో చేసేది. నేను గడియారం పట్టుకుని చూసేదాన్ని. టైపు గదిలోంచి మాస్టారు కూడా వచ్చి నిలబడేవారు.

ఒక రోజు పొద్దున దవాఖానాలో మేనేజర్ ఆమెకు కంప్యూటర్ మీద పరీక్ష పెట్టాడు. మధ్యాహ్నం మూడింటికి ఎప్పట్లాగే మా మెట్లెక్కి వచ్చింది. మొహం చూడగానే అర్థమైంది. డిగ్రీ కుర్రాళ్లిద్దరు అప్పటికే పక్క కంప్యూటర్ల మీద ఉన్నారు.

"ఏమైంది ఆయమ్మా?"

"ముట్టలే మేడం."

"ముట్టకపోవడం ఏంటి?"

"గది మన కంప్యూటర్ గాదు. గుట్టలు, మొగులు ఉన్నయి. కింద నీలి పట్టీ. మూలకు సూసిన, మన బూడిద పెట్టె లేదు. పచ్చగ ఇంకేందో ఉన్నది. వత్తితే ఏమయితదో అని భయమయింది. సారు ఎన్కాలనే నిలవడ్డడు. ఇది నేను నేర్సుకున్నది గాదు సారూ అన్న, లేశిన."

"ఆయనేమన్నాడు?"

"మంచిగనే అన్నడు పాపం. సోమారం మల్ల రా, ఇంగొక్కసారి సూద్దం అన్నడు."

ఇక్కడ ఆగి నిజం చెప్పాలి. నాకు ముందు వచ్చింది జాలి కాదు, కోపం. రెండు నెలల నా కష్టం ఒక పచ్చ బటన్ చూసి లేచి వచ్చేస్తుందా అని కోపం. ఆ కోపంలో నోటికి ఏదొస్తే అది అనేశాను. "రంగు మారితే గుర్తుపట్టలేవా? మీ ఇంటికి కొత్త సున్నం వేస్తే ఇంట్లోకి వెళ్లడం మానేస్తావా?"

కుర్రాళ్లు కిసుక్కున నవ్వారు. ఆయమ్మ నవ్వలేదు, ఏడవలేదు. చేతిలో పుస్తకం చూసుకుంది.

"మీరే గద మేడం," అంది, "ఒక్క గీత గూడ తప్పద్దన్నరు."

నా వెనకే ఉంది ఆ కొత్త కంప్యూటర్, బూడిద రంగు వేసుకుని. తిరిగి కూర్చుని నాలుగు క్లిక్కులు కొడితే దవాఖానాలో ఉన్నదే ఇక్కడా కనిపిస్తుంది. చూడు, ఇదే అది, రంగు నేను మార్చాను, నీదేం తప్పు లేదు అంటే అయిపోయేది. శనివారం దాకా మళ్లీ సాధన చేయించవచ్చు. అవన్నీ ఆ క్షణంలోనే నాకు తెలుసు. కానీ కుర్రాళ్లు చూస్తున్నారు. ముందు గదిలో మాస్టారు టైపు ఆపి వింటున్నారు. స్పీడ్ కోసం అని ఆయనకు చెప్పాను. ఇంత మంది ముందు, నా ముచ్చట కోసం చేశాను అని ఎలా అనడం? నోరున్న మనిషినని పేరు తెచ్చుకున్న నాకు ఆ ఒక్క మాటకే నోరు పెగల్లేదు.

"సరే, రేపు చూద్దాంలే" అన్నాను.

"వద్దు మేడం" అంది ఆయమ్మ. "గిది నా బుర్రకెక్కది. నా నసీబుల లేదు. మీకు తిప్పలు ఎందుకు." పుస్తకం సంచీలో పెట్టుకుని, గోడ పట్టుకుని దిగిపోయింది. వద్దన్నది ఆమె కదా, నేను కాదు కదా అని ఆ రాత్రి నాకు నేనే సర్ది చెప్పుకున్నాను.

మర్నాడు రాలేదు. ఆ మర్నాడూ రాలేదు. శనివారం ఆ కంప్యూటర్ని మళ్లీ రంగుల్లోకి మార్చాను. మాస్టారు, "ఇప్పుడు బాగుందమ్మా, కళగా ఉంది" అన్నారు. అందరి పుస్తకాల్లోనూ కొత్త పేజీలు గీయించాను, గుండ్రటి మూలలతో, రంగు పెన్సిళ్లతో. ఆ పని రెండు వారాల ముందు చేసి ఉంటే ఎంత బాగుండేదో. సోమవారం పొద్దున్నే ఉప్పల్‌కి బస్సెక్కి, ఆమెను చెయ్యి పట్టుకుని ఆ మేనేజర్ దగ్గరికి తీసుకెళ్లాలనుకున్నాను. చీర కూడా మార్చుకున్నాను. తర్వాత గ్యాస్ బండివాడు వస్తాడని ఆగిపోయాను. వచ్చాడు కూడా. కొద్ది రోజులకు తెలిసింది, ఆ కుర్చీలో ఇంటర్ చదివిన ఒక పిల్లను తీసుకున్నారని.

తర్వాత అందరి ఇళ్లలోకీ కంప్యూటర్లు వచ్చాయి, ఇన్‌స్టిట్యూట్ మూతపడింది. టైపు మిషన్లను మాస్టారు ఎవరికో ఇచ్చేశారు. నేను రామంతాపూర్‌లో ఒక బడిలో చేరాను. ఉప్పల్ మీదుగానే వెళ్లి వచ్చేదాన్ని, ఆ దవాఖానా బోర్డు బస్సులోంచి కనిపించేది. ఆ వైపు సీటు దొరికితే ఫోన్ చూసుకునేదాన్ని. ఇంటర్నెట్‌లో జనం పాత తెరల బొమ్మలు పెట్టుకుని మురిసిపోతుంటారు. అందరికీ ఆ పచ్చ గుట్టే తీపి జ్ఞాపకం. నాకు దాని ముందరిదే ఇష్టం, ఆ ఇష్టం ఇప్పటికీ పోలేదు. బూడిద రంగు విండో ఎక్కడ కనబడినా కంటికి చల్లగా ఉంటుంది, ఆ వెంటనే ఆయమ్మ గుర్తొస్తుంది. ఒకదాన్ని తెచ్చుకుని ఇంకొకదాన్ని వదిలేయడం నాకు చేతకాలేదు.

తెలంగాణ వచ్చిన ఏడు వానాకాలంలో నాకు జ్వరం పట్టుకుంది. నాలుగు రోజులైనా దిగకపోతే మా వారు బండి మీద తీసుకెళ్లి రక్త పరీక్షకని దింపింది ఆ దవాఖానాలోనే. ఉప్పల్ రింగ్ రోడ్డు దగ్గర మెట్రో పిల్లర్లు లేచి దారంతా తవ్వి ఉంది, ఆయన బండి నిలపడానికి చోటు వెతుక్కుంటూ పోయారు. నేను బెంచీ మీద కూర్చున్నాను. కౌంటర్లో ఒకమ్మాయి తల ఎత్తకుండా చిట్టీలు కొట్టి ఇస్తోంది. ఫినాయిల్ వాసన దగ్గరకొచ్చింది, చూస్తే ఆయమ్మ.

జుట్టు సగం తెల్లబడింది. వంగాల్సిన పని లేని పొడుగు కర్ర తుడుపు చేతిలో ఉంది, అయినా ప్రతి అడుగుకీ ఒక పక్కకు ఒరుగుతోంది.

"ఆయమ్మా, గుర్తున్నానా?"

"గుర్తు లేకేంది మేడం. ఏమయింది, జొరమా? మొకం గట్ల గుంజుకపోయింది."

"జ్వరమే. మోకాళ్లు ఎలా ఉన్నాయి?"

"ఉన్నయి మేడం" అంది. పిల్ల నర్సు చదివిందని, నాగారం దిక్కు ఎక్కడో చేస్తోందని చెప్పింది. నేను వింటూనే ఉన్నాను గానీ మనసు అక్కడ లేదు. జ్వరం వల్లో ఏమో, ఈసారి చెప్పకపోతే ఇంకెప్పటికీ చెప్పలేననిపించింది.

"ఆయమ్మా, నీకు ఆ రోజు చెప్పాల్సిన మాట ఒకటి చెప్పలేదు" అన్నాను. "నువ్వు నేర్చుకున్న ఆ కొత్త కంప్యూటర్ కూడా అప్పుడు ఇక్కడున్నదాని లాంటిదే. అది కూడా గుట్టలతో, రంగులతోనే వచ్చింది. నాకు నచ్చక నేనే బూడిద రంగు చేశాను. మీకెవరికీ చెప్పలేదు. నీ బుర్రలో లోపం ఏమీ లేదు. తప్పు నాది."

ఆమె కర్ర మీద రెండు చేతులూ ఆనించి విన్నది.

"మల్ల రంగులది జేసుడు ఎంత సేపు మేడం?"

"నాలుగు క్లిక్కులు. నిమిషం కూడా పట్టదు."

"గింతేనా" అంది. గొంతులో కోపం లేదు. కాసేపు కౌంటర్ వైపు చూసింది, ఏదో లెక్క సరిచూసుకుంటున్నట్టు. తర్వాత నా వైపు తిరిగింది.

"గా మాట గప్పుడే జెప్తె, సోమారం మల్ల పోతుంటి గద మేడం."

క్షమించమని అడగాలని వచ్చిన మాట నోట్లోనే ఉండిపోయింది. ఆమె కూడా దాని కోసం ఎదురు చూడలేదు. తుడుపును బకెట్లో ముంచి పిండింది.

"కాళ్లు జర మీదికి వెట్టుకోండి మేడం. గీడ తుడవాలె."

కాళ్లు బెంచీ మీదికి ముడుచుకున్నాను. ఆయమ్మ నా కింద నేల తుడిచి, బకెట్ ఎత్తుకుని పక్క బెంచీ దగ్గరికి వెళ్లింది.